లోక్ చుయి: 277 ఓట్లతో చేతులు మారి, ఆ తర్వాత పటంలోంచే పోయిన వార్డు

#1 హార్బర్_రవి

పోయిన వారం గ్రేటర్ డివిజన్ల థ్రెడ్‌లో "ఒక వార్డు ఎన్నికకి ఇంత హడావుడి ఏంటి" అని ఎవరో అడిగారు. అక్కడే రాద్దామనుకున్నాను గానీ, ఆ థ్రెడ్ దారి తప్పుతుందని విడిగా పెడుతున్నాను.

నేనుండేది హాంకాంగ్‌లో. తుయెన్ మున్ అని, ఊరికి పడమటి కొస. 2007లో వచ్చాను, ఇక్కడే పాతుకుపోయాను. మా వార్డు పక్కనే లోక్ చుయి అని ఇంకో వార్డు ఉండేది. ఇక్కడి వార్డు, అంటే జిల్లా కౌన్సిల్‌లో ఒక సీటు, మన డివిజన్ కన్నా బాగా చిన్నది, సుమారు 17 వేల జనాభా ఉండేది. అంతా టవర్లే కాబట్టి నాలుగు సముదాయాలు కలిస్తే ఒక వార్డు అయిపోయేది.

ఆ వార్డులో 1999 నుంచి వరసగా నాలుగుసార్లు ఒకే మనిషి గెలిచాడు. పేరు ఆల్బర్ట్ హో, వృత్తి లాయరు, పార్టీ డెమోక్రటిక్ పార్టీ. 2006 నుంచి 2012 దాకా ఆ పార్టీకి అధ్యక్షుడు. 2012లో చీఫ్ ఎగ్జిక్యూటివ్ (హాంకాంగ్ ప్రభుత్వాధినేత) పదవికీ నిలబడ్డాడు. 1,200 మంది మాత్రమే ఓటేసే ఎన్నిక అది, 76 ఓట్లు వచ్చాయి. 2013లో అమెరికా రహస్యాలు బయటపెట్టిన స్నోడెన్ హాంకాంగ్‌లో తలదాచుకున్నప్పుడు అతని తరఫు లాయరు కూడా ఈయనే. అంతటి మనిషి వార్డు మెంబరుగా మెట్ల మీద లైటు వెలగట్లేదన్న ఫిర్యాదు కూడా వినాల్సిందే.

2015 నవంబరు 22న ఆయన ఓడిపోయాడు. గెలిచిన బీజింగ్ అనుకూల పక్షం మనిషి జూనియస్ హోకి 2,013, ఈయనకి 1,736. తేడా 277.

నాలుగేళ్ళు తిరిగేసరికి, 2019 నవంబరు 24న జూనియస్ హో ఓడిపోయాడు. డెమోక్రటిక్ పార్టీ తరఫున నిలబడ్డ లో చున్-యుకి 3,474, జూనియస్ హోకి 2,278.

2023 ఎన్నికలకి ఆ వార్డే లేదు.

గెలిచినప్పుడు 2,013, ఓడినప్పుడు 2,278. ఓట్లు పెరిగి ఓడిపోయాడు. ఇది చాలాకాలంగా నా బుర్రలో తిరుగుతోంది, అందుకే ఈ థ్రెడ్.

#2 పాతబస్తీ_పిల్లోడు

ఇద్దరూ హోలేనా అన్నా? బాబాయ్ అబ్బాయ్ గొడవా? మా దగ్గరైతే ఒకే పేరున్నోణ్ణి వెతికి డమ్మీగా నిలబెడతారు, అలాంటిదేమైనానా?

#3 హార్బర్_రవి

కాదు తమ్ముడూ, చుట్టాలు కూడా కాదు. వీళ్ళకీ మనలాగే ఇంటిపేరు ముందొస్తుంది. ఆల్బర్ట్ అసలు పేరు హో చున్-యన్, జూనియస్‌ది హో క్వన్-యియు. హో ఇక్కడ బాగా వినపడే ఇంటిపేరు. ఇంకో విచిత్రం, ఇద్దరూ లాయర్లే. జూనియస్ హో 2011-12లో హాంకాంగ్ లా సొసైటీకి అధ్యక్షుడు.

ఈయన వచ్చిన దారి వేరు. తుయెన్ మున్‌లో టవర్ల మధ్య ఇప్పటికీ పాత పల్లెలున్నాయి, వాటికి గ్రామీణ కమిటీ అని ఒకటుంది. దాని చైర్మన్ కుర్చీలో దశాబ్దాల పాటు లావ్ వాంగ్-ఫట్ అనే పెద్దాయన కూర్చున్నాడు, ఆయన్ని కదిలించడం అసాధ్యమనేవారు. 2011లో ఆ కుర్చీని జూనియస్ హో గెలుచుకున్నాడు. ఆ చైర్మన్‌కి జిల్లా కౌన్సిల్‌లో ఎక్స్అఫీషియో సభ్యత్వం ఉంటుంది. అంటే 2015లో వార్డుకి నిలబడేనాటికే ఆయన కౌన్సిల్‌లో కూర్చున్న మనిషి, కొత్త ముఖం కాదు.

#4 శిరీష_కె

రవిగారూ, మూడో మనిషిని వదిలేశారు! 2015లో లోక్ చుయి కథ చెప్పి చెంగ్ చుంగ్-తాయ్ పేరు ఎత్తకపోతే ఎలాగండీ.

నేను 2012 నుంచి 2017 దాకా కౌలూన్ వైపు ఉన్నాను. ఆ రోజుల్లో నా క్యాంటొనీస్ కూరగాయల బేరం వరకే. అయినా ఆఫీసులో ఎవరు ఎవరి మీద మండిపడుతున్నారో బాగానే తెలిసేది. నాయకుణ్ణి నేరుగా ఎన్నుకునే హక్కు కోసం జరిగిన 2014 గొడుగుల ఉద్యమం ముగిసి అప్పటికి ఏడాది. ప్రజాస్వామ్య పక్షంలోనే రెండు ముక్కలు. కుర్రవాళ్ళకి డెమోక్రటిక్ పార్టీ మీద కోపం, ఎందుకంటే 2010లో ఆ పార్టీ పెద్దలు బీజింగ్ ప్రతినిధులతో కూర్చుని మాట్లాడి ఎన్నికల సంస్కరణలకి ఒప్పుకున్నారు. అప్పుడు పార్టీ అధ్యక్షుడు ఆల్బర్ట్ హోనే. చెంగ్ సివిక్ ప్యాషన్ అనే వర్గం మనిషి, వీళ్ళందరికన్నా దూకుడుగా మాట్లాడే రకం. వచ్చి ఏకంగా ఆయన వార్డులోనే నిలబడ్డాడు. వచ్చినవి 391 ఓట్లు.

తేడా 277, చెంగ్‌కి 391. మిగతాది మీరే ఊహించుకోండి. మర్నాడు ఆఫీసులో ఒకాయన "పెద్దాయన్ని మనవాళ్ళే ముంచారు" అన్నాడు. పక్క సీటు పిల్ల "ముంచితే ముంచారు" అంది. ఇద్దరూ ఆ రోజు కలిసి భోజనానికి వెళ్ళలేదు.

#5 గోదారి_గట్టు

ఆగండాగండి. నాకో మొదటి సందేహం. అసలీ జిల్లా కౌన్సిల్ చేసే పనేంటి? పన్ను వేస్తుందా? బిల్డింగ్ పర్మిషన్ ఇస్తుందా? చెత్త ఎత్తుతుందా? ఇవేవీ లేకపోతే అంత పెద్ద లాయర్లు ఇద్దరు దానికోసం కొట్టుకోవడమేంటి?

#6 హార్బర్_రవి

@గోదారి_గట్టు మంచి ప్రశ్న. మూడింటికీ లేదు, లేదు, లేదు అనే జవాబు. మన కార్పొరేషన్‌తో పోలిస్తే ఇది సలహా సంఘం. ఒకప్పుడు పన్నుల వాటాతో నడిచే అర్బన్ కౌన్సిల్, రీజినల్ కౌన్సిల్ అని రెండు ఉండేవి, వాటిని 1999 చివర్లో రద్దు చేశారు. జిల్లా కౌన్సిల్‌కి మిగిలింది చిన్న చిన్న పనుల నిధులు: బస్టాపు మీద కప్పు, నడిచే దారికి పందిరి, పార్కులో బెంచీ, పండక్కి సాంస్కృతిక కార్యక్రమం. బస్సు రూటు మార్చమని రవాణా శాఖని అడగొచ్చు, శాఖ వింటే విన్నట్టు.

కానీ వార్డు మెంబరు ఆఫీసు మాత్రం చాలా దగ్గరి విషయం. మా వార్డులో అది టవరు కింద, బట్టలు ఉతికే షాపుకీ బేకరీకీ మధ్య ఉండేది. గాజు తలుపు, లోపల రెండు ప్లాస్టిక్ కుర్చీలు, బీపీ చూసే మిషను. పొద్దున్నే ముసలమ్మలు వచ్చి వరసగా చెయ్యి చాపి బీపీ చూపించుకుని, పనిలో పనిగా పక్కింటి కుక్క మీద ఫిర్యాదు రాయించి వెళ్ళేవారు.

ఇక్కడో మాటుంది: "పాము, శాకం, కేకు, జోంగ్". శీతాకాలంలో పాము సూపు విందు, గుడి పద్ధతిలో శాకాహార విందు, శరదృతువు పండక్కి మూన్‌కేకులు, డ్రాగన్ పడవల పండక్కి ఆకులో చుట్టి ఉడికించిన బియ్యపు పొట్లాలు (వాటినే జోంగ్ అంటారు). ఇవి పంచి ఓట్లు కూడగడతారని బీజింగ్ అనుకూల పార్టీల మీద ఎద్దేవా. మా ఇంటికీ ఒకసారి జోంగ్ వచ్చింది. విప్పితే లోపల పంది కొవ్వు. మా ఆవిడ శాకాహారి. అది ఎదురింటి వాళ్ళకిస్తే వాళ్ళు మాకు బత్తాయిలిచ్చారు. ఆ విధంగా ఎన్నికల వల్ల మాకు కలిగిన లబ్ధి అరడజను బత్తాయిలు.

#7 పాతబస్తీ_పిల్లోడు

పాము సూపుకి ఓటా!! మేం బిర్యానీ పొట్లానికే బద్నాం అయినం.

#8 శిరీష_కె

గోదారి గట్టుగారి ప్రశ్నకి రెండో సగం జవాబు నేనిస్తాను. కౌన్సిల్‌కి అధికారాల్లేవు, నిజమే. కానీ కౌన్సిల్ సీటు ఇంకో రెండు గదులకి తాళం చెవి.

మొదటిది: చీఫ్ ఎగ్జిక్యూటివ్‌ని ఎన్నుకునే ఆ 1,200 మందిలో 117 మంది జిల్లా కౌన్సిలర్ల నుంచి వచ్చేవారు. కౌన్సిళ్ళలో మెజారిటీ ఎవరిదైతే ఆ 117 దాదాపు మూటగట్టి వాళ్ళవే.

రెండోది ఇంకా తమాషా. 2010 సంస్కరణలో లెజ్‌కోలో, అంటే ఇక్కడి శాసనసభలో, ఐదు కొత్త సీట్లు పెట్టారు. జనం వాటిని "సూపర్ డిస్ట్రిక్ట్ కౌన్సిల్" సీట్లు అనేవారు. ఓటేసేది 30 లక్షల పైచిలుకు జనం, హాంకాంగ్ మొత్తం ఒకే నియోజకవర్గం. కానీ నిలబడాలంటే ఎన్నికైన జిల్లా కౌన్సిలర్ అయి ఉండాలి, పైగా 15 మంది కౌన్సిలర్ల సంతకాలు కావాలి. 2012లో ఆల్బర్ట్ హో అలాగే లెజ్‌కోకి వెళ్ళాడు.

ఇప్పుడు వెనక్కి రండి. లోక్ చుయిలో 277 ఓట్లు అటూ ఇటూ కావడంతో 2016లో ఊరు మొత్తం ఓటేసే ఆ సీటుకి పోటీ చేసే అర్హతే ఆయనకి పోయింది. మరో సూపర్ సీటు సభ్యుడు ఫ్రెడరిక్ ఫంగ్ కూడా అదే రోజు లై కోక్ అనే వార్డులో ఓడిపోయాడు. పార్లమెంటుకి వెళ్ళే దారి గల్లీ లోంచి వెయ్యడమంటే ఇదే. నన్నడిగితే చాలా పిచ్చి ఏర్పాటు. ఆ ఏర్పాటుకి ఒప్పుకున్న పార్టీ అధ్యక్షుడే దాని గుమ్మం తగిలి పడ్డాడు.

#9 లెక్కల_మాష్టారు

ఆలస్యంగా వచ్చాను, కళ్ళద్దాలు మార్పించుకోవడానికి తెనాలి వెళ్ళాను.

శిరీషమ్మా, "మిగతాది ఊహించుకోండి" అన్నావే, దాంతో నాకు పేచీ. చెంగ్‌కి వచ్చిన 391 తీసి ఆల్బర్ట్ హో ఖాతాలో వేస్తే 2,127 అవుతుంది, 2,013 కంటే 114 ఎక్కువ, గెలిచేవాడు అంటావు. కానీ ఆ 391లో ఎంతమంది ఆయన మీద కోపంతోనే గడప దాటి వచ్చారు? చెంగ్ లేకపోతే వాళ్ళు ఇంట్లోనే ఉండేవారు. తేడాని పూడ్చాలంటే 391లో 278 కావాలి, అంటే పదిమందిలో ఏడుగురికి పైగా వచ్చి ఆయనకే వెయ్యాలి. అసాధ్యం అనను. తప్పకుండా జరిగేది అని కూడా అనను.

ఇప్పుడు రవి అడిగిన అసలు లెక్క. 2015 నుంచి 2019కి జూనియస్ హోకి పెరిగినవి 265. అవతలి పక్షం మొత్తం, చెంగ్‌తో కలిపి, 2,127 నుంచి 3,474కి వెళ్ళింది, అంటే 1,347 పెరిగాయి. ఈయనకి ఒక్కరు కొత్తగా వస్తే అటు ఐదుగురు వచ్చారన్నమాట. పాత ఓటర్లు మనసు మార్చుకుని అటు దూకితే ఈయన ఓట్లు తగ్గాలిగా? తగ్గలేదు. కొంతమంది పోయి ఇంకొంతమంది వచ్చి ఉండొచ్చు, కాదనను, కానీ ఈ వార్డుని తిప్పింది అంతకు ముందు ఓటెయ్యని వాళ్ళు.

ఊరంతా కూడా అదే కదా. 2015లో పోలింగ్ 47 శాతం, 2019లో 71 దాటింది.

ఒక చిన్న జాగ్రత్త. అక్కడ ప్రతి ఎన్నికకీ జనాభాని బట్టి వార్డుల గీతలు సవరించేవారు, సగటుకి 25 శాతం అటూ ఇటూ అనుమతించేవారు. కాబట్టి రెండు ఎన్నికల అంకెల్ని పక్కపక్కన పెట్టేటప్పుడు అణా పైసలతో సహా సరిపోతాయని అనుకోకండి.

#10 శిరీష_కె

మాష్టారూ, లెక్క ఒప్పుకుంటాను. కానీ ఆఫీసులో ఆ పెద్దాయన మొహం మీరు చూడలేదు :)

ఇంకొకటి కూడా కలుపుకోండి. 2016 లెజ్‌కో ఎన్నికల్లో న్యూ టెరిటరీస్ వెస్ట్‌లో (తుయెన్ మున్ అందులోదే) 9 సీట్లు, దామాషా పద్ధతి. అక్కడ జూనియస్ హో గెలిచాడు, 35 వేల పైచిలుకు ఓట్లు. చెంగ్ చుంగ్-తాయ్ ఆయన కన్నా ఎక్కువతో, 54 వేల పైచిలుకుతో గెలిచాడు! వార్డులో 391 తెచ్చుకున్న మనిషి. అంటే లోక్ చుయిలో మొదటి, మూడో స్థానాల వాళ్ళిద్దరూ ఏడాది తిరక్కుండా శాసనసభకి వెళ్ళారు, రెండో స్థానంలో ఉన్న ఇరవయ్యేళ్ళ సీనియర్ బయటే ఉండిపోయాడు.

ఒక్క సీటుకి ఎక్కువ ఓట్లొచ్చినవాడే గెలిచే పద్ధతికీ దామాషాకీ తేడా ఏంటని ఎవరైనా అడిగితే నేను ఈ ముగ్గురి కథే చెప్తాను.

#11 గోదారి_గట్టు

సరే, ఇప్పుడు అర్థమైంది. రవిగారూ, మీరు ఓటేశారా? ఇండియన్ పాస్‌పోర్టుతో?

#12 హార్బర్_రవి

వేశాను. ఇది చాలామందికి తెలీదు. ఇక్కడ ఓటు హక్కు పౌరసత్వానికి కాదు, శాశ్వత నివాసానికి. ఏడేళ్ళు వరసగా ఉండి శాశ్వత నివాస కార్డు తెచ్చుకుని, 18 నిండి ఉంటే ఏ దేశం పాస్‌పోర్టయినా ఓటరుగా నమోదవ్వొచ్చు. నాకు కార్డు 2014లో వచ్చింది. హైదరాబాద్‌లో ఉన్నన్నాళ్ళూ ఎప్పుడూ జాబితాలో నా పేరు ఉండేది కాదు, ఇక్కడ మాత్రం ఇంటికి ఉత్తరం వచ్చింది.

2015లో ఆదివారం సినిమాకి వెళ్ళొచ్చి రాత్రి తొమ్మిదిన్నరకి తీరిగ్గా వెళ్ళాను. స్కూలు హాలు. సిబ్బంది తప్ప నేనూ ఇంకో ఇద్దరూ. ఐదు నిమిషాల పని.

2019లో పొద్దున్న ఏడున్నరకి పోలింగ్ మొదలు. గొడవలు జరిగితే మధ్యలో ఆపేస్తారేమోనని పొద్దున్నే వేసెయ్యాలని జనం. నేను ఎనిమిదింటికి వెళ్తే వరుస స్కూలు గేటు దాటి, ఆట స్థలం చుట్టూ తిరిగి, బస్టాపు దాకా ఉంది. గంటా నలభై నిమిషాలు నిలబడ్డాను. గంటలు గంటలు నిలబడటం మనకి అలవాటే గానీ, ఇక్కడి వరుసలో వింత ఏంటంటే ఎవరూ మాట్లాడుకోలేదు. నిందితుల్ని చైనాకి అప్పగించే బిల్లు మీద మొదలైన ఆందోళనలతో ఆర్నెల్లుగా ఊరు రెండుగా చీలి ఉంది, ముందున్న మనిషి ఏ పక్షమో వెనకున్న మనిషికి తెలీదు. నా ముందు ఒక తాత మడత కుర్చీ తెచ్చుకున్నాడు. వరుస కదిలినప్పుడల్లా లేచి కుర్చీ రెండడుగులు జరుపుకుని మళ్ళీ కూర్చోవడం. ఆయన వెనక నల్ల చొక్కా వేసుకున్న కాలేజీ పిల్లాడు. కాసేపయ్యాక కుర్చీ జరిపే పని ఆ పిల్లాడే చేశాడు. మాటల్లేవు.

లోపల బ్యాలెట్ కాగితం, టిక్కు గుర్తున్న చిన్న రబ్బరు ముద్ర. పేరు పక్కన గుండ్రంలో ఒక్క ముద్ర, అంతే.

#13 పాతబస్తీ_పిల్లోడు

ముద్ర అంటే గుర్తొచ్చింది. మా 2020 గ్రేటర్‌లో కూడా బ్యాలెట్టే. నేరేడ్‌మెట్ డివిజన్‌లో స్వస్తిక్ ముద్రకి బదులు వేరే ముద్ర పడ్డ ఓట్లు చెల్లుతాయా లేదా అని హైకోర్టు దాకా పోయి, ఫలితం కొన్ని రోజులు ఆగింది. ఓల్డ్ మలక్‌పేటలో అయితే సీపీఐ గుర్తు దగ్గర సీపీఎం గుర్తు అచ్చేశారని మళ్ళీ పోలింగ్ పెట్టారు. సారీ, మీ థ్రెడ్‌లో మా గోల.

అన్నా, ఆ జూనియస్ హో మీద అంత కోపం ఎందుకు? 1,200 తేడా అంటే అంత చిన్న వార్డులో మామూలు కాదు కదా.

#14 హార్బర్_రవి

2019 జులై 21 రాత్రి యున్ లాంగ్ స్టేషన్‌లో తెల్ల చొక్కాలు వేసుకున్న ఒక గుంపు కర్రలతో ఆందోళనకారుల్నీ ప్రయాణికుల్నీ కొట్టింది. తుయెన్ మున్ పక్క పట్నమే అది. ఆ రాత్రి జూనియస్ హో తెల్ల చొక్కాలవాళ్ళలో కొందరితో చేతులు కలుపుతున్న వీడియో బయటికొచ్చింది. దాడితో తనకే సంబంధం లేదని ఆయన అన్నాడు. కానీ అప్పటికే మంట అంటుకుంది. ఆయన ఆఫీసు పగలగొట్టారు, ఆయన తల్లిదండ్రుల సమాధులు పాడుచేశారు. ఇది రెండో పక్షం చేసిన దారుణం, దీన్ని దాచకూడదు. నవంబరు 6న ప్రచారంలో ఉండగా ఒకడు అభిమానిలా పూలగుత్తితో వచ్చి కత్తితో పొడిచాడు. గాయంతో బయటపడి మళ్ళీ ప్రచారానికి వచ్చాడు.

ఆల్బర్ట్ హో మీద కూడా రెండుసార్లు దాడి జరిగింది. 2006లో సెంట్రల్ అనే ప్రాంతంలోని ఒక బర్గర్ షాపులో బేస్‌బాల్ బ్యాట్లతో కొట్టారు, 2019 నవంబరులో మళ్ళీ ముసుగులవాళ్ళు కర్రలతో కొట్టారు. అధికారాల్లేని వార్డు అంటున్నాం గానీ ఆ వార్డుకి నిలబడ్డ ఇద్దరు హోలకీ రక్తం కారింది.

ఫలితం వచ్చిన రాత్రి కొందరు షాంపేన్ సీసాలు తెచ్చి పొంగించారు. ఒక వార్డు మెంబరు ఓడినందుకు షాంపేన్. నాకు మాత్రం అది అంత బాగా అనిపించలేదు. ఓడింది ఆయనే గానీ ఆయనకి ఓటేసిన 2,278 మంది కూడా ఆ టవర్లలోనే ఉంటారు. పొద్దున్నే అదే లిఫ్టు ఎక్కాలి.

#15 మోడరేటర్

ఇప్పటిదాకా థ్రెడ్ చక్కగా నడుస్తోంది. ఏ పక్షాన్నీ తిట్టకుండా ఇలాగే కానివ్వండి. ఒక పోస్టు తొలగించాను, ఎందుకో రాసినవారికి తెలుసు.

#16 గోదారి_గట్టు

తొలగించింది నాది కాదు, ముందే చెప్తున్నా.

రవిగారూ, ఉద్యమం సంగతి సరే, వార్డు స్థాయిలో గొడవలేమీ లేవా? అన్నీ రాజ్యాంగం సంగతులేనా?

#17 హార్బర్_రవి

లేకేం. మా తుయెన్ మున్ పార్కు గొడవే ఉంది. ఏళ్ళ తరబడి అక్కడ కొందరు ఆడవాళ్ళు పెద్ద స్పీకర్లు పెట్టుకుని పాటలు పాడుతూ డాన్సు చేసేవారు, ముసలాళ్ళు చుట్టూ చేరి డబ్బులిచ్చేవారు. చుట్టుపక్కల టవర్లవాళ్ళకి నిద్ర కరువు. ఎన్ని ఫిర్యాదులు చేసినా అంతే. 2019 జులై 6న ఆ శబ్దం మీదే ఊరేగింపు తీశారు, వేలమంది వచ్చారు. ఆ ఊరేగింపులో నేనూ ఉన్నాను, రాజకీయం కోసం కాదు, మా అబ్బాయి పరీక్షల కోసం. నవంబరులో జనం ఓటేసిన కారణాల్లో ఆ స్పీకరు కూడా ఉందని నా గట్టి నమ్మకం. పేపర్లలో ఇది రాలేదు, నా మాటగా తీసుకోండి.

#18 లెక్కల_మాష్టారు

శిరీషమ్మా, 2019 మొత్తం ఫలితం, ఆ తర్వాతి సంగతి కాస్త చెప్పు. వార్డే లేకుండా పోయిందని రవి మొదట్లో అని వదిలేశాడు.

#19 శిరీష_కె

చెప్తాను మాష్టారూ. 2019లో 18 జిల్లాల్లో 452 ఎన్నిక సీట్లు. ప్రజాస్వామ్య పక్షానికి దాదాపు 390 వచ్చాయి, 17 జిల్లాల్లో మెజారిటీ. మిగిలిన ఒక్కటీ ఐలాండ్స్ జిల్లా, అక్కడ ఎక్స్అఫీషియో సభ్యులు ఎనిమిదిమంది ఉండటంతో దక్కలేదు. 2015లో పోటీ లేకుండా 68 సీట్లు ఏకగ్రీవమయ్యాయి, 2019లో ఒక్కటి కూడా లేదు.

ఓట్ల శాతం చూస్తే 57కి 41 సుమారు. అంటే మాష్టారు లోక్ చుయిలో చూపించిందే ఊరంతా: బీజింగ్ అనుకూల పక్షం ఓటు కూలిపోలేదు, వాళ్ళ సీట్లు కూలిపోయాయి.

ఆ తర్వాత చకచకా జరిగిపోయాయి. 2020లో జాతీయ భద్రతా చట్టం. 2021లో చీఫ్ ఎగ్జిక్యూటివ్‌ని ఎన్నుకునే కమిటీలోంచి ఆ 117 సీట్లు తీసేశారు. అదే ఏడాది కౌన్సిలర్లు విధేయతా ప్రమాణం చెయ్యాలని చట్టం తెచ్చారు. అనర్హులైతే అప్పటిదాకా తీసుకున్న జీతం కూడా వెనక్కి కట్టాల్సి రావచ్చని పత్రికల్లో రావడంతో రాజీనామాలు మొదలయ్యాయి, 200 దాటాయి. ప్రమాణం చేసినవాళ్ళలో కూడా కొందరిని అనర్హులన్నారు. ఖాళీలకి ఉప ఎన్నికలు పెట్టలేదు.

ముగ్గురి సంగతీ చెప్పేస్తాను. ఆల్బర్ట్ హో మీద 2021లో జాతీయ భద్రతా చట్టం కింద అభియోగం పెట్టారు. చెంగ్ చుంగ్-తాయ్‌ని అదే ఏడాది అభ్యర్థుల అర్హత కమిటీ కాదనడంతో లెజ్‌కో సభ్యత్వం పోయింది. జూనియస్ హో 2021 చివర్లో చీఫ్ ఎగ్జిక్యూటివ్‌ని ఎన్నుకునే ఆ ఎలక్షన్ కమిటీ కోటా సీట్లలో ఒకదాని నుంచి మళ్ళీ లెజ్‌కోలోకి వెళ్ళాడు. ఈసారి వార్డు గుమ్మాలు ఎక్కే పని లేదు.

2023లో కౌన్సిళ్ళని పూర్తిగా మార్చేశారు. మొత్తం 470 మంది. అందులో జనం నేరుగా ఎన్నుకునేది 88. ఆ 452 వార్డులూ పోయి 44 పెద్ద నియోజకవర్గాలు వచ్చాయి, ఒక్కోదానికి ఇద్దరు. లోక్ చుయి అందులో కలిసిపోయింది.

#20 లెక్కల_మాష్టారు

88 అంటే 470లో 19 శాతం కూడా లేదు. 2019లో 479 మందిలో 452, అంటే 94 శాతం. మిగతావాళ్ళు ఎవరమ్మా?

#21 శిరీష_కె

179 మంది ప్రభుత్వం నియమించినవాళ్ళు. 176 మందిని జిల్లా కమిటీల సభ్యులు ఎన్నుకుంటారు. 27 మంది గ్రామీణ కమిటీల ఎక్స్అఫీషియో. నేరుగా నిలబడాలన్నా ఆ జిల్లా కమిటీలు మూడింటి నుంచి, ఒక్కోదాంట్లో ముగ్గురి చొప్పున సంతకాలు కావాలి. ఒకటి ప్రాంతీయ కమిటీ, ఒకటి నేరాల నిరోధానిది, ఒకటి అగ్నిప్రమాదాల నివారణది. డెమోక్రటిక్ పార్టీ ఒక్క అభ్యర్థిని కూడా నిలబెట్టలేకపోయింది. ఆ సంతకాలు దొరకలేదు. 2025లో పార్టీనే మూసే పని మొదలుపెట్టారు.

నామినేటెడ్ సభ్యుల చరిత్ర కూడా గమ్మత్తుగా ఉంటుంది. 1982లో జిల్లా బోర్డులు (కౌన్సిళ్ళ పాత పేరు) పెట్టినప్పుడు ఉన్నారు. 1994లో చివరి బ్రిటిష్ గవర్నర్ క్రిస్ ప్యాటెన్ తీసేశాడు. చైనాకి అప్పగించాక 1999లో మళ్ళీ 102 మందిని పెట్టారు. 2011లో 68కి తగ్గించి, 2016కల్లా పూర్తిగా తీసేశారు. 2023లో 179 మందితో తిరిగొచ్చారు. పోయారనుకున్న ప్రతిసారీ చాప కిందికి నీళ్ళలా వస్తారు.

#22 గోదారి_గట్టు

అగ్నిప్రమాదాల నివారణ కమిటీ సంతకం పెడితే గానీ ఎన్నికల్లో నిలబడలేరా! ఎన్నికలంటే మంటే అని ముందే ఊహించినట్టున్నారు.

పోలింగ్ ఎంత?

#23 హార్బర్_రవి

27.54 శాతం. 1982 నుంచి అంత తక్కువ ఎప్పుడూ లేదు. డిసెంబరు 10, అదీ ఆదివారమే. రాత్రి ఓటర్ల జాబితా చూసే కంప్యూటర్ వ్యవస్థ మొరాయించింది. కాగితం జాబితాలు తీయించి పోలింగ్‌ని పదిన్నర నుంచి పన్నెండు దాకా పొడిగించారు.

మొన్న సాయంత్రం లోక్ చుయి వైపు నడుస్తూ వెళ్ళాను. వార్డు మెంబరు ఆఫీసు అని చూపించే చిన్న బోర్డు ఒక స్తంభానికి ఇంకా ఉంది, బాణం గుర్తుతో. బాణం పట్టుకుని వెళ్తే పిల్లల ట్యూషన్ సెంటర్ వచ్చింది. లోపల మార్కర్ బోర్డు మీద భిన్నాల లెక్కలు. మాష్టారూ, మీరే గుర్తొచ్చారు.

#24 లెక్కల_మాష్టారు

హరం సున్నా కాకుండా చూసుకోమని చెప్పు నాయనా.

#25 పాతబస్తీ_పిల్లోడు

అన్నా, 2015లో వేసినవ్, 2019లో వేసినవ్. మరి 2023లో?

#26 హార్బర్_రవి

అది ఇక్కడ రాయను తమ్ముడూ. సంక్రాంతికి హైదరాబాద్ వస్తున్నాను కదా, అప్పుడు చెప్తా.

#27 పాతబస్తీ_పిల్లోడు

సరే. చాయ్ నాది, ఉస్మానియా బిస్కెట్లు నీవి.